నాయిన దాచిన 31 రసీదులు కోర్టులో నిలబడతాయా?

ప్రశ్న

ఈ ఉత్తరం నల్లగొండ జిల్లా దేవరకొండ వైపు నుంచి వచ్చింది. రాసినావిడకు 36 ఏళ్లు. అంగన్‌వాడీ టీచర్, అత్తగారిల్లు మిర్యాలగూడ. పేరు, ఊరు రాయొద్దన్నారు. ఉత్తరం ఎనిమిది పేజీలుంది, ముఖ్యమైనంత వరకు ఇస్తున్నాను.

వాళ్ల నాయినకు గుట్ట కింద 2 ఎకరాల 10 గుంటల చెలక ఉంది. లావణి పట్టా, అంటే ప్రభుత్వం అసైన్ చేసిన భూమి. 2009లో ఆ గుట్ట మీద గ్రానైట్ క్వారీకి 20 ఏళ్ల లీజిచ్చారు, నాలుగు హెక్టార్లు. మరుసటి ఏడు ఎవరో వచ్చి చెలకలో హద్దురాళ్లు పాతి పోయారు. ఆయన మొదటి అర్జీ అప్పుడే పెట్టాడు. 2011లో క్వారీవాళ్లు పనికిరాని బండలు తెచ్చి చెలక మూలన పోశారు. మొదట పది గుంటలు పోయింది. 2018 తర్వాత కుప్ప పెరుగుతూ పోయి, ఇప్పుడు ముప్పై గుంటలు దాని కిందే ఉంది. మిగిలిన ఎకరంన్నరలో పత్తి వేస్తే ఆకు మీద దుమ్ము పేరుకుని కాత నిలవడం లేదు. బ్లాస్టింగ్‌కు ఇంటి గోడ నెర్రెలిచ్చింది. తహసీల్దారు, ఆర్డీవో, కలెక్టరేట్‌లో ప్రజావాణి, గనుల శాఖ ఏడీ (అసిస్టెంట్ డైరెక్టర్) ఆఫీసు, ఇలా 2010 నుంచి 2021 దాకా ఆయన తిరగని చోటు లేదు. 2016లో కొత్త మండలాలు వచ్చాక, ఫైలు పాత మండలంలో ఉందని ఒకరు, పంపించేశామని ఇంకొకరు చెప్పారు. 2022లో ఆయన పోయాడు. ట్రంకుపెట్టెలో బిస్కెట్ డబ్బా, అందులో 31 రసీదులు దొరికాయి.

రెండు నెలల కింద క్వారీ మనుషులు వచ్చి మిగిలిన చెలకలోని రాళ్లకు ఎర్ర రంగు వేసి పోయారు. హైదరాబాద్‌లో క్యాబ్ నడిపే తమ్ముడికి ఆరు లక్షలిస్తాం, అక్కాతమ్ముళ్లిద్దరూ బాండ్ పేపర్ మీద సంతకం పెట్టమన్నారు. అతనికి అప్పులున్నాయి, ఒప్పుకుందాం అంటున్నాడు. ఒక వకీలు, మీ నాయిన అర్జీలు తేల్చమని హైకోర్టులో రిట్ (ప్రభుత్వ ఆఫీసులకు ఆదేశమివ్వమని అడిగే పిటిషన్) వేద్దాం, రెండు నెలల్లో ఆర్డరొస్తుంది అన్నాడు. ఇంకో వకీలు, పదిహేనేళ్ల ముచ్చట గడప దగ్గరే కొట్టేస్తారు అన్నాడు. "మా నాయిన చెప్పులరిగేటట్టు తిరిగిండు. ఆ తిరుగుడంతా ఉత్తదేనా? కోర్టుకు పోవాల్నా, తమ్ముడన్నట్టు పైసలు తీసుకొని ఊకుండాల్నా?" ఇదీ ఆమె అడిగింది.

సమాధానం

అమ్మా, మీరు పంపిన ఫొటోల్లో ఒక రసీదు దగ్గర చాలాసేపు ఆగిపోయాను. 2013 జులై నాటిది. ముందువైపు గుండ్రటి ముద్ర, ఊదా సిరా సగం వెలిసిపోయింది. వెనక పెన్సిల్‌తో మీ నాయిన రాసుకున్న మాట: "సార్ లేడు. మల్ల సోమారం రమ్మన్నరు." దానికే పిన్ను గుచ్చి ఆర్టీసీ టికెట్టు పెట్టుకున్నాడు. తిరిగిన ప్రతి తిరుగుడుకూ లెక్క రాసుకున్న మనిషాయన. ఆ తిరుగుడు ఉత్తది కాదు. కానీ ఆ రసీదులు మీరనుకుంటున్న పని చేయవు. ఈ మాట కటువుగా ఉన్నా ముందే చెప్పాలి, తర్వాతి నిర్ణయాలన్నీ దీని మీదే ఉన్నాయి.

అర్జీ పెట్టి రసీదు తీసుకుంటే కేసు బతికే ఉంటుందని మన ఊళ్లలో గట్టి నమ్మకం. కోర్టు అలా చూడదు. చట్టం ఏర్పాటు చేయని అర్జీలు ఎన్ని పెట్టినా గడువు పొడిగినట్టు కాదని ఎస్.ఎస్. రాథోర్ కేసులో 1989లోనే సుప్రీంకోర్టు చెప్పింది. 2008లో సి. జాకబ్ కేసు మీ మొదటి వకీలు చెప్పిన దారికి నేరుగా తగులుతుంది. జాకబ్ తమిళనాడు గనుల శాఖ ఉద్యోగి, 1982లో ఉద్యోగం పోయింది. 2000లో అర్జీ పెట్టాడు, దాన్ని పరిశీలించమని ఉత్తర్వు తెచ్చుకున్నాడు. ఆఫీసువాళ్లు పరిశీలించి కుదరదన్నారు. ఆ జవాబు పట్టుకుని మళ్లీ కోర్టుకెక్కితే, పాత ముచ్చటకు కొత్తగా జవాబొచ్చినంత మాత్రాన కేసు కొత్తదైపోదని సుప్రీంకోర్టు తేల్చేసింది. అది ఉద్యోగం కేసే, కానీ అందులోని తర్కం లీజులకూ అంతే వర్తిస్తుంది.

అందుకే "అర్జీలు తేల్చండి" అని మాత్రమే అడిగే రిట్ వద్దంటాను. ఆ వకీలు అబద్ధం చెప్పలేదు, ఆర్డరు నిజంగానే తొందరగా రావచ్చు. ఇన్ని వారాల్లో పరిశీలించండి అని ఉంటుంది. మీరు ఊళ్లో గెలిచామనుకుంటారు. ఆఫీసు నుంచి "రికార్డుల ప్రకారం లీజు సక్రమమే" అని రెండు లైన్ల కాగితం వస్తుంది. దాని మీద మళ్లీ వెళ్తే అప్పుడు అడుగుతారు, 2009 నుంచి ఏం చేశారని. ఫీజులూ పోయి, కాలమూ పోయి, మొదలుపెట్టిన చోటికే వస్తారు.

ఆ 31 రసీదుల్లో ఇంకో చిక్కుంది. మీ నాయిన ఊరకే కూర్చోలేదని అవి చెబుతాయి. అదే నోటితో, హద్దురాళ్ల సంగతి ఆయనకు 2010లోనే తెలుసని కూడా చెబుతాయి. "మాకు మొన్ననే తెలిసింది" అని మీరు అఫిడవిట్లో రాయలేరు. ఎవరైనా అలా రాద్దామంటే ఒప్పుకోకండి.

అట్లని రెండో వకీలు మాట కూడా పూర్తిగా నిజం కాదు. రిట్‌కు ఇన్ని రోజులని చట్టంలో గడువు లేదు. సివిల్ దావాకుండే మూడేళ్లను కోర్టులు ఒక కొలతగా చూస్తాయి, అది 1964 నాటి భైలాల్ భాయ్ తీర్పు నుంచి వస్తున్న పద్ధతి. కొలతే తప్ప కంచె కాదు. హిమాచల్‌లో 1967-68లో పరిహారం లేకుండా రోడ్డుకు భూమి పోయిన విద్యాదేవి అనే వృద్ధురాలు 2010లో కోర్టుకెళ్లింది. 2020లో సుప్రీంకోర్టు ఆమెకు పరిహారం ఇప్పించింది, ప్రభుత్వం ఆలస్యం సాకు చెప్పడానికి వీల్లేదంది. 2022లో సుఖ్ దత్ రాత్రా కేసులోనూ అంతే. వీటిని మీ వకీలు తప్పక చూపించాలి. తేడా కూడా తెలిసి ఉండండి: అక్కడ భూమి తీసుకుంది ప్రభుత్వమే. ఇక్కడ మధ్యలో లీజుదారున్నాడు, ఇన్నేళ్లుగా పెట్టుబడి పెట్టానంటాడు, కోర్టు ఆ మాటా వింటుంది.

ఇక అసలు సంగతికి వస్తాను. మీ ఎనిమిది పేజీల్లో ఒక ప్రశ్నకు జవాబు లేదు, మీ నాయిన అర్జీల్లోనూ లేదు. బండల కుప్ప పడిన ఆ ముప్పై గుంటలు లీజు హద్దు లోపలా, బయటా?

బయట అయితే మీరు 2009 లీజును తప్పుపట్టాల్సిన పనే లేదు. లీజు లీజుదారుకే ఉండనీ, నా చెలకలో బండలెందుకు పోశావు అని అడుగుతున్నారు, అంతే. అప్పుడు ఆలస్యం గొడవ సగానికి సగం తగ్గిపోతుంది. లోపల అయితే, అసైన్ చేసిన భూమిని ఖాళీ సర్కారు భూమిగా చూపించి ఎన్‌ఓసీ (అభ్యంతరం లేదన్న పత్రం) ఎవరిచ్చారన్నది తేలాలి. అది పాత నిర్ణయం మీద పోరాటం, బరువైనది. మీ ఇద్దరు వకీళ్లూ లీజు స్కెచ్ చూడకుండానే సలహా చెప్పారు. నాకు కోపం తెప్పించింది అదే.

కాబట్టి మొదటి పని సమాచార హక్కు (ఆర్టీఐ) దరఖాస్తు. గనుల శాఖ ఏడీ ఆఫీసుకు ఒకటి, మండలాలు మారాయి కాబట్టి పాత, కొత్త తహసీల్దార్ ఆఫీసులకు చెరొకటి. మండలంలో 5 రూపాయలు, జిల్లా ఆఫీసుకు 10 రూపాయలు. లీజు డీడ్, దానికి జతచేసిన స్కెచ్, తహసీల్దార్ పంపిన ఎన్‌ఓసీ రిపోర్టు, సర్వే పంచనామా, పర్యావరణ అనుమతి, విస్తరణకు కొత్తగా ఏదైనా దరఖాస్తు వచ్చిందా, వస్తే దాని నకలు. ఇవి పేరుపేరునా అడగండి, "వివరాలు ఇవ్వగలరు" అని రాస్తే ఏమీ రాదు. 30 రోజుల్లో జవాబివ్వాలి. మా దగ్గర లేదంటే సరిపోదు, ఉన్న ఆఫీసుకు ఐదు రోజుల్లో వాళ్లే పంపాలని చట్టంలోని 6(3) సెక్షన్ చెబుతోంది. జవాబు రాకపోతే మరో 30 రోజుల్లో మొదటి అప్పీలు. మీ నాయినను ఒక ఆఫీసు నుంచి ఇంకో ఆఫీసుకు తిప్పిన తిరుగుడు ఇక్కడ ఆగుతుంది.

పర్యావరణ అనుమతి ఎందుకు అడగమన్నానంటే, 2009లో ఐదు హెక్టార్ల లోపు లీజులకు ఆ అనుమతి అక్కర్లేదనేవారు. 2012 ఫిబ్రవరి 27న దీపక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు చిన్న లీజులకూ కావాల్సిందే అంది, 2016లో కేంద్రం నోటిఫికేషన్ కూడా మార్చింది. మీ గుట్ట మీది లీజు నాలుగు హెక్టార్లు. ఆ తర్వాత అనుమతి తెచ్చుకున్నారా, లేకుండానే తవ్వుతున్నారా? అది నేటి ప్రశ్న, 2009 ప్రశ్న కాదు.

ఆర్టీఐ జవాబు కోసం ఆగకుండా ఈ వారమే చేయాల్సిన పని ఇంకోటుంది. మీరు పంపిన బాండ్ పేపర్ ఫొటోను పెద్దది చేసి చదివాను. పైన మూడు లైన్లు "పాత నష్టానికి పరిహారం" గురించి. నాలుగో లైన్లో "సదరు లీజు విస్తరణకు గానీ, పునరుద్ధరణకు గానీ మాకు మా వారసులకు ఎట్టి అభ్యంతరము లేదు" అని ఉంది. ఎర్ర రంగు రాళ్లకూ ఈ లైనుకూ సంబంధముందని నా అనుమానం. వాళ్లకు కావాల్సింది పోయిన ముప్పై గుంటలు కాదమ్మా, మిగిలిన ఎకరంన్నర. లీజు గడువు 2029లో తీరుతుంది, ఇప్పుడే జాగా సిద్ధం చేసుకుంటున్నారు.

మీ చేతిలో ఉన్న బలమైన సంగతి ఇదే, దీనికి పదిహేనేళ్ల మచ్చ లేదు. విస్తరణ ఇంకా జరగలేదు. జరగని దాని మీద అభ్యంతరం పెడితే ఆలస్యమనే మాటే రాదు. కలెక్టరుకు, గనుల శాఖకు, రాష్ట్ర పర్యావరణ ప్రభావ మదింపు సంస్థకు మీ పేరుతో కొత్త అభ్యంతరం రిజిస్టర్ పోస్టులో పంపండి. అందులో నాయిన అర్జీల చరిత్ర ఒక్క పేరాకు మించొద్దు. సర్వే నంబరు, విస్తీర్ణం, ఎర్ర రంగు వేసిన తేదీ, మేం ఒప్పుకోవడం లేదన్న మాట, అంతే. దీన్ని పట్టించుకోకుండా లీజు పెంచితే అప్పుడు హైకోర్టులో వేసే రిట్ వేరు. అభ్యంతరం వినకుండా నిర్ణయం తీసుకున్నారన్నది వారాల నాటి ఫిర్యాదు అవుతుంది. నాయిన రసీదులు అప్పుడు అసలైన పనికొస్తాయి: ఈ కుటుంబం ఎన్నడూ ఒప్పుకోలేదు, ఆఫీసులకు ఈ భూమి సంగతి తెలుసు అని చూపడానికి. విస్తరణకు పర్యావరణ అనుమతి ఇచ్చేస్తే చెన్నైలోని హరిత ట్రిబ్యునల్‌లో (పర్యావరణ కేసులు వినే చోటు) అప్పీలుకు గడువు 30 రోజులే, తగిన కారణముంటే ఇంకో 60. అది దాటితే వినరు. అందుకే నెలకోసారి ఆ దరఖాస్తు ఎక్కడుందో చూసుకుంటూ ఉండాలి.

బాండ్ పేపర్ మీద సంతకం మాత్రం పెట్టకండి. ఇది లావణి పట్టా. 1977 నాటి అసైన్డ్ భూముల బదలాయింపు నిషేధ చట్టం ప్రకారం అమ్మినా, లీజుకిచ్చినా ఆ లావాదేవీ చెల్లదు. అక్కడితో ఆగదు, చట్టాన్ని మీరారని భూమిని ప్రభుత్వం వెనక్కి తీసుకునే దారి కూడా అందులో ఉంది. అంటే ఆరు లక్షలు చేతికొచ్చి, భూమి మీదీ కాకుండా పోవచ్చు. తమ్ముడికి చట్టం పేరు చెబితే చిరాకుపడతాడేమో. ఆ నాలుగో లైను చూపించండి.

విరాసత్, అంటే పట్టా వారసుల పేరు మీదికి మారడం, అయిందా? ఉత్తరంలో రాయలేదు. నాయిన పోయి ఇన్నేళ్లయినా పట్టా ఆయన పేరునే ఉంటే, మీరు ఏ కోర్టుకెళ్లినా మొదట అడిగేది మీరెవరని. భూభారతి కింద వారసత్వ మార్పిడికి దరఖాస్తు పెట్టండి, ఇద్దరి పేర్లూ రావాలి. దానికి తమ్ముడి సంతకం కావాలి కాబట్టి అతనితో మాట చెడగొట్టుకోకుండా ఉండటం ఈ కేసుకు కూడా అవసరమే.

కుప్ప సంగతికి వస్తే, సివిల్ కోర్టులో ఇంజంక్షన్ (ఆపమనే ఉత్తర్వు) దావా ఒక దారి. జరుగుతూనే ఉన్న హానికి ప్రతిరోజూ కొత్త గడువు మొదలవుతుందని లిమిటేషన్ చట్టం 22వ సెక్షన్ అంటుంది. కానీ అవతలి వకీలు ఊరుకోడు. పోయడం ఎప్పుడో అయిపోయింది, ఇప్పుడున్నది దాని ఫలితం మాత్రమే అంటాడు, ఆ వాదనకూ బలముంది. 2011 నాటి పది గుంటల మీద అది నెగ్గవచ్చు. 2018 తర్వాత పడిన ఇరవై గుంటల మీద అంత తేలిక కాదు. నిన్న పడిన లారీ బండల మీద అసలు చెల్లదు. అందుకే లారీ వచ్చినప్పుడల్లా ఫొటో తీయించండి, చెలక గట్టు మీది ఏదో ఒక గుర్తు, వేపచెట్టో బోరు గుంజో, అందులో కనబడాలి. తీసిన ఫోన్ అమ్మేయకండి, ఫొటోల అసలు కోర్టుకు కావాలి. ఈ దారిలో నింపాది ఎక్కువ, ఏళ్లు పట్టొచ్చు. ప్రభుత్వాన్ని కూడా చేరిస్తే ముందు రెండు నెలల నోటీసు ఇవ్వాలి.

దుమ్ముకూ బ్లాస్టింగ్‌కూ అంత దూరం పోనక్కర్లేదు. కాలుష్య నియంత్రణ మండలికి ఫిర్యాదు పెట్టవచ్చు. భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 152వ సెక్షన్ కింద (పాత సీఆర్‌పీసీలో 133) పదిమందికి ఇబ్బంది కలిగించే దాన్ని ఆపమని ఆర్డీవోను అడగవచ్చు. దీనికి మీ ఒక్క ఇల్లు చాలదు, గోడలు నెర్రెలిచ్చిన మిగతా ఇళ్లవాళ్లూ సంతకం పెట్టాలి. ఊళ్లో కొందరు క్వారీలో పనిచేస్తున్నారని రాశారు. వాళ్లను దోషులుగా చూడకండి. క్వారీ మూయమని కాదు, నీళ్లు చల్లమని, బ్లాస్టింగ్‌కు వేళ పెట్టమని అడిగితే వాళ్లూ మీతో రావచ్చు. పంట నష్టానికి పరిహారం కావాలంటే హరిత ట్రిబ్యునల్‌లో ఐదేళ్ల గడువుంది, ఇటీవలి పంటలన్నీ అందులోకి వస్తాయి. పత్తి అమ్మిన తక్‌పట్టీలు దాచారా? ఉంటే తీసి పెట్టండి.

మీ కులం రాయలేదు. ఎస్సీ, ఎస్టీలైతే భూమిని అక్రమంగా ఆక్రమించడం అట్రాసిటీ చట్టం కిందికీ వస్తుంది. అది నిజంగా వాడదలచుకుంటేనే ఎత్తండి. బేరానికి బెదిరింపుగా వాడితే కేసూ పలచబడుతుంది, ఊళ్లో మీ మాటా పలచబడుతుంది.

ఖర్చు గురించి భయపడుతున్నారు. ఆడవాళ్లకు, ఆదాయం ఎంతున్నా, ఉచిత న్యాయ సహాయం హక్కు. నల్లగొండలో జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉంది, హైకోర్టుకు ప్రత్యేకంగా కమిటీ ఉంది. 15100కు ఫోన్ చేసినా చెబుతారు. లీజు స్కెచ్ వచ్చాక దాన్ని పట్టుకుని వెళ్లండి, ముందు కాదు.

రాజీ తప్పని నేననను. తమ్ముడి అప్పు నిజం, అతను మిమ్మల్ని మోసం చేయడం లేదు. కానీ రాజీ అంటే బండలు తీసేయించడం, గోడకూ పంటకూ జరిగిన నష్టం కట్టించుకోవడం. భూమి హక్కు వదిలే మాట, విస్తరణ మాట అందులో ఉండకూడదు. కోర్టులో దావా వేశాక లోక్ అదాలత్‌లో రాసుకుంటే దానికి డిక్రీ (కోర్టు తీర్పు) విలువ ఉంటుంది, బాండ్ పేపర్‌కు అది లేదు. ఇది తమ్ముడికి ఇంకా ఎక్కువ డబ్బు తేవచ్చు, తక్కువ తేవచ్చు, తొందరగా మాత్రం తేదు. అతని అప్పు ఆగనిదైతే ఆ సంగతి విడిగా కూర్చుని మాట్లాడుకోండి, చెలకతో ముడిపెట్టకుండా.

మీరు ఇంకా కొంతకాలం ఆలోచించుకుంటానంటే కూడా తప్పు లేదు. అభ్యంతరం, ఆర్టీఐ, విరాసత్, ఈ మూడూ మిమ్మల్ని ఏ కేసుకూ కట్టిపడేయవు, ఏ దారినీ మూయవు. విస్తరణ దరఖాస్తు కదిలితే మాత్రం ఆలోచించే కాలం రోజుల్లోకి వస్తుంది.

రసీదులు చెదలు పట్టకుండా లామినేషన్ చేయిస్తానని రాశారు, చేయించకండి. వేడికి ముద్రల సిరా ఇంకా వెలుస్తుంది, కోర్టుకు అసలు కాగితం చేతికి తగలాలి. తేదీల వరుసలో పేర్చి, రెండు వైపులా జిరాక్స్ తీయించి, అసళ్లు ప్లాస్టిక్ కవర్లలో పెట్టండి. వెనక వైపు కూడా తీయమని జిరాక్స్ అబ్బాయికి గట్టిగా చెప్పండి, పెన్సిల్ రాత లేతగా ఉంది, మామూలుగా తీస్తే పడదు.